అమ్మ చూసిన దేవుడి సినిమా

నెలలో మొదటి ఆదివారం మా సంఘంలో ప్రభువు బల్ల ఉంటుంది. తెల్లగుడ్డ పరిచిన బల్ల మీద చిన్నగా కోసిన రొట్టె ముక్కలు, బుల్లి గ్లాసుల్లో ద్రాక్షరసం పెడతారు. పాస్టరు అయ్యగారు ప్రార్థన చేశాక పళ్లెం వరసల్లోకి వస్తుంది. బాప్తిస్మం పొందినవాళ్లంతా తలో ముక్క తీసుకుంటారు. చూసేవాళ్లకి అది చిటికెడు రొట్టె. మా అమ్మకి ప్రాణం. ఆడపిల్లగా బాప్తిస్మం తీసుకున్ననాటి నుంచి కాన్పులప్పుడు తప్ప ఆవిడ బల్ల మానింది లేదు. నాన్న పోయిన వారం కూడా వెళ్లి తీసుకుంది. అలాంటి మనిషికి ఈ ఏడు చెరుకు కొట్టే రోజుల్లో "నీకు బల్ల లేదు" అనే దాకా వచ్చింది వ్యవహారం. ఆవిడ చేసింది హత్య కాదు, దొంగతనం కాదు. మలయాళం సినిమా చూసింది.

నేను చోడవరం బస్టాండు దగ్గర ఒక మెడికల్ షాపులో పనిచేస్తాను. నాకు పెళ్లెందుకు కాలేదన్నది వేరే కథ, అది అడిగినవాళ్లకి నేనిచ్చే జవాబు అచ్చువేసేది కాదు. పొద్దుటి నుంచీ జ్వరానికీ షుగరుకీ గ్యాసుకీ మాత్రలు అందించి ఇంటికొచ్చాక నాకున్న వ్యసనం ఒక్కటే, తెలుగులోకి మార్చిన మలయాళం సినిమాలు. మన సినిమాలో హీరో కారు దిగితే భూమి అదురుతుంది. వాళ్ల హీరో గొడుగు సర్దుకుంటూ బస్సు దిగుతాడు, చిల్లర కోసం కండక్టరుతో తగువు పెట్టుకుంటాడు. మనవాళ్లకి ఊరంటే జాతర, పగ. వాళ్లకి ఊరంటే టీకొట్టు, పోస్టాఫీసు, పక్కింటాయన గోడ జానెడు ఇటు జరిపాడన్న గొడవ. జానెడు గోడ మీద రెండు గంటల పైన సినిమా తీసేస్తారు. అది అయ్యేసరికి ఆ వీధిలో ఎవరు ఎవరింట్లో మంచినీళ్లు తాగరో, ఎవరి ముందు ఎవరు పైకి మడిచిన లుంగీని మర్యాదగా కిందికి దించుకుంటారో, ఎవరి నవ్వు వెనక ఎంత కడుపుమంట ఉందో మనకి తెలిసిపోతుంది. అందుకే నాకవి ఇష్టం. ఒక్కటే చిరాకు. ఆ కొండల్లో రబ్బరు పాలు గీసుకునేవాడు కూడా డబ్బింగులో విజయవాడ రేడియో వార్తల్లా మాట్లాడతాడు. మా చోడవరం మాట పెడితే ఎంత బాగా అతుకుతుందో వాళ్లకి ఎవరు చెప్తారు?

మా ఇంట్లో సినిమా పాపం. "హాలు మెట్టెక్కిన కాలు పరలోకం మెట్టెక్కదు" అని అమ్మ నా చిన్నప్పుడు చెవి మెలేసి మరీ చెప్పేది. అంగన్‌వాడీ టీచరుగా చేసి రిటైరైన మనిషి, చెవులు మెలెయ్యడంలో ఆవిడకి మంచి అనుభవం. మరి నేను ఇంట్లోనే రోజూ సినిమాలు చూస్తూంటే ఎలా ఊరుకుంది? అదే చెప్తున్నాను. మా పెరట్లోకి నా గదిలోంచే దారి. అటూ ఇటూ వెళ్తూ టీవీ వైపు ఓ కన్నేసేది. ఎప్పుడు చూసినా తెర మీద చర్చి గంట, తెల్ల అంగీ వేసుకున్న ఫాదరు, అన్నం ముందు కళ్లు మూసుకుని కూర్చున్న కుటుంబం, గోడమీద యేసుప్రభువు పటం, దాని కింద ఎర్రబల్బు. మనుషుల పేర్లు వింటే సగం బైబిల్లోవే. ఇంకేముంది, అవి దేవుడి సినిమాలని అమ్మ తీర్మానించేసుకుంది. క్రిస్మస్‌కి టీవీలో వేసే యేసు జీవితం లాంటివే, కాకపోతే వీళ్లు లుంగీలు కట్టారు.

అక్కడితో ఆగినా బాగుండేది. స్త్రీల సమాజానికి మా అమ్మే పెద్ద. ఒక ప్రార్థన కూడికలో లేచి నిలబడి, "మా గుంట పని నుంచొచ్చి దేవుడి సినిమా సూడందే అన్నం ముట్టదు" అని సాక్ష్యం చెప్పేసింది. గుంట అంటే నేనే, మా వైపు ఆడపిల్లని అలాగే అంటారు. అందరూ ఆమేన్ అన్నారు. నా భక్తి సంగతి పేటంతా తెలిశాక, అందరికన్నా ఆఖర్న నాకు తెలిసింది.

ఆ రోజు స్త్రీల ప్రార్థన మా ఇంట్లో. కోతల రోజుల్లో ఈ కూడికలకి చెరుకు కొట్టే ఆడవాళ్లు రాలేరు. తెల్లారకుండా పొలాల్లోకి వెళ్లిపోతారు. ఆ రోజు మాత్రం అకాల వాన పట్టుకుంది. కొట్టుడు ఆగిపోయింది, గోవాడ చక్కెర ఫ్యాక్టరీ వైపు వెళ్లే చెరుకు ట్రాక్టర్లు రోడ్డు వారన నిలబడిపోయాయి. దాంతో కత్తులు ఇంట్లో పెట్టి అందరూ ప్రార్థనకి వచ్చేశారు. ప్రార్థనైంది, ఉప్మా టీలు అయ్యాయి, వాన మాత్రం తగ్గలేదు. ఇంత మందిని ఖాళీగా కూర్చోబెడితే ఊళ్లోవాళ్ల మీద చెప్పుకోవడం మొదలుపెడతారని అమ్మకి తెలుసు. ఆ పాపం జరగకుండా ఈ పుణ్యం తలపెట్టింది. "దేవుడి సినిమా ఒకటి ఎడదాం, కూకోండి" అని రిమోట్ నొక్కింది. నేను రెండోసారి చూద్దామని ముందురోజు మొదలుపెట్టి ఆపేసిన సినిమా వచ్చింది.

నేను షాపు నుంచి తడుస్తూ వచ్చేసరికి మా గుమ్మం ముందు చెప్పుల గుట్ట. లోపల నా గదినిండా ఆడవాళ్లు, గచ్చు మీద కాళ్లు ముడుచుకుని, నోళ్లు తెరుచుకుని టీవీ చూస్తున్నారు. తెర మీద ఏ సీను నడుస్తోందో చూడగానే గుర్తుపట్టాను. కొండల మధ్య రబ్బరు తోట, పెద్ద పెంకుటిల్లు. పొడవాటి బల్ల చుట్టూ ఆ ఇంటి కుటుంబం. పెద్దాయన చేతులు జోడించి వంచిన తల ఎత్తకుండా ప్రార్థన చేస్తున్నాడు. మా వాళ్లు కూడా కళ్లు మూసుకున్నారు. ఆ ప్రార్థన అయ్యాక ఆయన చెయ్యి ఎటు వెళ్తుందో ఆ గదిలో నాకొక్కదానికే తెలుసు.

"అమ్మా, కట్టెయ్" అన్నాను.

"ష్, ప్రార్థన అవతంది కాదేటి" అంది అమ్మ.

చిన్న చినుకు పడితే చాలు పోయే కరెంటు ఆ రోజు పోలేదు. తెరమీద ఆమేన్ అన్నారు, మా గదిలోనూ ఆమేన్ అన్నారు. పెద్దాయన బల్ల కిందనుంచి బ్రాందీ సీసా తీశాడు, కొడుకులకి పోశాడు, చర్చి ఫాదరుకి కూడా ఓ చుక్క పోశాడు. అమ్మ మొహంలో రక్తం లేదు. నేను రిమోట్ కోసం చెయ్యి చాపాను.

అప్పుడు మా వెనక వీధి అత్త కిసుక్కున నవ్వింది. అత్త అంటే చుట్టరికం కాదు, పిలుపు. చెరుకు కొడుతుంది, కోతలు లేని రోజుల్లో మా సంఘం కార్యదర్శి గారింట్లో అంట్లు తోముతుంది. "ఒలమ్మా, ఈలు కిరస్తానీలేనా? ఆ ఇల్లు సూడండే. మన కార్యదర్శి గారి మేడకి అమ్మమ్మలాగుంది" అంది. అందరూ పగలబడ్డారు. నవ్వాక ఇక ఆపమనే ధైర్యం ఎవరికీ లేదు, ఆపాలని కూడా ఎవరికీ లేదు. "కర్రపెండలం ఉడకేసుకు తింటన్నారే", "ఆ కోడలికి అంత బంగారవేటి, మనోలు పుస్తెలే తీయించేత్తారు కదా", "ఎప్పుడూ వానేనేటి ఆళ్లకి?" అంటూ సినిమాని ముక్కముక్కా కొరుక్కు తిన్నారు. మన దేవుణ్ణే నమ్ముకున్నవాళ్లు ఇన్ని ఎకరాలతో, ఇంత పెద్ద గుమ్మాలతో, పనివాళ్లని కేకలేస్తూ బతకగలరన్నది వాళ్లకి బ్రాందీ కన్నా పెద్ద వింత. మా తాతలు ఉన్న ఒక్క గోచీతో బాప్తిస్మం తీసుకున్నవాళ్లు. క్రైస్తవులంటే కూలికెళ్లేవాళ్లని చోడవరంలో ఎవరినడిగినా చెప్తారు. మా వాళ్లు కూడా అదే అనుకుంటున్నారు.

సినిమాలో ఇంటి పెద్ద చనిపోతాడు. కొడుకులు పంపకాలకి కొట్టుకు చస్తుంటే శవాన్ని చర్చికి తీసుకెళ్తారు. కొడుకులు, కోడళ్లు, ఫాదరు, బంధువులు వరసగా వచ్చి ఆయన నుదుటి మీద ముద్దు పెట్టుకుంటారు. అక్కడి ఆచారం అది. ఆ కొడుకులందర్నీ ఎత్తి పెంచిన ముసలి పనిమనిషి ఒకావిడ ఉంది. ఆవిడా క్రైస్తవురాలే, మెడలో శిలువ ఉంటుంది. చర్చి గుమ్మం బయట వానలో నిలబడి ఉంటుంది. ఎవరూ ఆవిణ్ణి పొమ్మనరు, ఎవరూ రమ్మనరు. పెట్టె మూసేస్తారు. ఆవిడ ఇంటికొచ్చి పెరట్లో గిన్నెలు తోముకుంటుంది. రెండు నిమిషాల సీను. నేను మొదటిసారి చూసినప్పుడు ఆ కొడుకుల తగువులో పడి దాన్ని పట్టించుకోనే లేదు. వాన బాగా తీశాడు అనుకున్నాను.

"అది మన్లాంటిదే" అంది వెనక వీధి అత్త. ఈసారి నవ్వలేదు. "ఎనకాలే ఉండిపోనాది సూడు."

అమ్మ ఏడుస్తోంది. నాన్న పోయినప్పుడు కూడా మనిషి అంతలా ఏడవలేదు. నాకేం చెయ్యాలో తోచక వెళ్లి టీవీ కట్టేశాను.

మా చర్చిలో ఎవరెక్కడ కూర్చుంటారో చెప్తే తప్ప తర్వాత జరిగింది అర్థం కాదు. ముందు వరసల్లో ప్లాస్టిక్ కుర్చీలు ఉంటాయి. టీచర్లు, బ్యాంకువాళ్లు, రిటైరైనవాళ్లు, వాళ్ల పిల్లలు కుర్చీల్లో కూర్చుంటారు. వెనక చాపలు ఉంటాయి. కూలికెళ్లేవాళ్లు చాపల మీద కూర్చుంటారు. ఇలా కూర్చోవాలని ఎక్కడా రాసిలేదు. రెండు తరాలు వెనక్కి వెళ్తే మా అందరి తాతలూ చాపల మీదే. ఉద్యోగం వచ్చినవాడు మోకాళ్ల నొప్పి అని ఒక కుర్చీ తెచ్చుకున్నాడు, తర్వాత వాడి పిల్లలకి పుట్టుకతోనే మోకాళ్ల నొప్పి వచ్చింది. అమ్మకి నిజంగానే నొప్పి ఉంది, మాత్రలు తెచ్చేది నేనే కదా. ముందు వరసలో ఆవిడ కుర్చీ ఆవిడదే. ఆ తర్వాతి ఆదివారం అమ్మ ఆ కుర్చీ దాటుకుని వెనక్కి వెళ్లి, గోడ పట్టుకుని మెల్లగా వంగి, వెనక వీధి అత్త పక్కన చాప మీద కూర్చుంది. ఆరాధన అంతసేపూ ముందు వరసలో ఖాళీ కుర్చీ అలాగే ఉంది. ముందువాళ్ల మెడలు వెనక్కి తిరుగుతూనే ఉన్నాయి.

ఈలోగా సినిమా సంగతి కార్యదర్శి గారి దాకా వెళ్లింది. ఎవరో కిట్టనివాళ్లు మోసుకెళ్లలేదు. వెనక వీధి అత్తే, వానకి కొట్టుడు ఆగిన రోజుల్లో వాళ్లింట్లో అంట్లు తోముతూ సంబరంగా చెప్పేసింది. అత్త నోట్లో నువ్వుగింజ నానదు. "అమ్మగోరూ, మేం దేవుడి సినిమా సూసేం, అందులో కిరస్తానీల ఇల్లు మీ మేడని మింగేస్తాది" అందట. కార్యదర్శి గారి భార్య ఆయనకి చెప్పింది. ఆయన కమిటీకి చెప్పాడు. అక్కడి నుంచి బ్రాందీ తాగే ఫాదరుకి కొమ్ములొచ్చాయి, కోడలికి పొట్టిబట్టలు వచ్చాయి. స్త్రీల సమాజం పేరుతో బూతు సినిమా వేశారన్న దాకా పెరిగింది. గురువారం సాయంత్రం అమ్మని కమిటీ ముందుకి రమ్మన్నారు. నేనూ వెళ్లాను. నన్ను రమ్మని ఎవరూ పిలవలేదు.

చర్చి పక్క గదిలో కమిటీవాళ్లు బల్ల చుట్టూ కూర్చున్నారు. పాస్టరు అయ్యగారు కుర్రవాడు, ఈ సంఘానికి వచ్చి ఏడాది కాలేదు. ఆయన బైబిల్లోంచి తల ఎత్తలేదు. మాట్లాడిందంతా కార్యదర్శి గారే. హైస్కూల్లో పాఠాలు చెప్పి రిటైరైన మనిషి, ఎవరితో మాట్లాడినా మార్కులు వేస్తున్నట్టే ఉంటుంది.

"కూర్చోండి సిస్టర్" అన్నాడాయన. "మీ మీద మాకేం కోపం లేదు. సంఘానికి ఒక క్రమం ఉంది. సమాజం పేరు మీద సినిమా చూపించారా లేదా?"

"సూపించేను బాబూ."

"అది తప్పని ఒప్పుకుంటారా?"

అమ్మ కొంగు భుజం చుట్టూ లాక్కుంది. "అందులో బ్రాందీ తాగేరు, నిజవే. అది మంచిపని కాదు. మన పేటలో ఎవులూ తాగట్లేదేటి?"

గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు, కమిటీలో ఒకాయన చటుక్కున కిటికీలోంచి బయటికి చూశాడు. నాకు నవ్వు ఆగలేదు. కార్యదర్శి గారు నా వైపు చూసి, "పెద్దలు మాట్లాడుకునే చోట పిల్లలు ఎందుకమ్మా?" అన్నాడు. నాకు నలభై దగ్గరపడుతోంది. నా నోటికి వచ్చింది నేను అనబోయాను. బల్ల కింద అమ్మ నా చెయ్యి పట్టుకుంది. ఆ పట్టులో చిన్నప్పటి చెవిపట్టు ఉంది.

"సినిమా సంగతి సరే" అన్నాడాయన గొంతు తగ్గించి. "మీకు కుర్చీ ఉండగా చాప మీద ఎందుకు కూర్చున్నారు? దాని భావమేమిటి? మేమంతా మనుషులం కాదనా?"

అప్పుడర్థమైంది నాకు. బ్రాందీ ఒక వంక. వీళ్లకి దురద పెడుతున్నది ఖాళీ కుర్చీ.

"భావవేం లేదు బాబూ" అంది అమ్మ. "ఆళ్లు ఎనకాల ఉంటే నాను ముందు కూకోలేకపోతన్నాను. ఇన్నాళ్లూ కూకున్నాను. ఇప్పుడవతం లేదు."

కార్యదర్శి గారు పెన్ను మూత పెట్టేశాడు. తీర్పు సిద్ధంగానే ఉంది. వచ్చే ఆదివారం బల్ల ముందు అమ్మ లేచి, "సినిమా చూపించాను, తప్పయింది" అని సంఘం అంతా వినేలా చెప్పాలి. చెప్తే బల్ల ఉంటుంది, లేకపోతే లేదు. సమాజం పెద్దరికం కూడా వేరేవాళ్లకి ఇస్తారు. "రెండు మాటలు సిస్టర్. అంతే" అన్నాడు. పాస్టరు అయ్యగారు ముగింపు ప్రార్థన చేశారు. ఆమేన్ అన్నాక కూడా బైబిల్లోంచి తల ఎత్తలేదు.

దారంతా నేను మండిపడుతూనే ఉన్నాను. చెరుకు ట్రాక్టర్లు మమ్మల్ని గట్టు మీదకి నెట్టేస్తూ వెళ్తున్నాయి, నా అరుపులు వాటి మోతలో కలిసిపోతున్నాయి. వాళ్ల తాతలు ఏ చాప మీద కూర్చున్నారో పేరుపేరునా చెప్తానన్నాను, బస్టాండులో నిలబడి చెప్తానన్నాను, మన ఇంటికెదురుగానే వేరే సంఘం పెట్టిస్తానన్నాను. అమ్మ ఇంటికొచ్చి మోకాలికి తైలం రాసుకుంది, అన్నం వద్దంది.

శుక్రవారం కూడా సరిగా తినలేదు. శనివారానికి నా కోపం పోయి భయం పట్టుకుంది. మాత్రలు వేసుకోవాలంటే ఏదైనా తినాలి కదా, నా చేతిలో ఇడ్లీ పళ్లెం పట్టుకుని ఆవిడ చుట్టూ తిరుగుతున్నాను. అమ్మ ఆదివారానికి తెల్లచీర ఉతికి పెరట్లో ఆరేసింది. గురువారం తిట్టిపోసినదాన్నే శనివారం బతిమాలాను.

"ఒక్క మాట అనేసెయ్యమ్మా. తప్పయింది అనెయ్. ఎవరికి నష్టం? రొట్టె నీకు దక్కుతుంది."

అమ్మ చీర అంచు సాపు చేస్తూ, "బల్ల కాడ అబద్ధమాడి తింటే ఆ రొట్టె నాకు అరగదే" అంది.

"తినకపోతే మాత్రం అరుగుతుందా? రెండు రోజుల నుంచి నీళ్లు కూడా దిగడం లేదు నీకు."

"దిగట్లేదు" అని ఒప్పుకుంది. అరుగు మీద కూర్చుంది. "నాకు బల్ల కావాలే. ఎంత కావాలో నీకు తెలీదు. మీ నాయన పోయినప్పుడు అది తినే బతికేను. అలాగని సినిమాలో ఆ మనిషి కోసం ఏడిసిన ఏడుపు పాపవని ఎలా సెప్పను? వానలో నిలబడి ఉండిపోయింది కదే ఆ ముసిల్ది."

"అది సినిమా అమ్మా. ఆవిడ నటి. షూటింగ్ అయ్యాక కారెక్కి వెళ్లిపోయింది."

"ఎల్లిపోనీ. ఇక్కడోలు ఎల్లలేదు కదా" అంది అమ్మ.

నేను ఏళ్ల తరబడి ఈ సినిమాలు చూస్తున్నాను. వాళ్లు అబద్ధం లేకుండా తీస్తారనీ, అద్దంలో చూసినట్టు అక్కడి మనుషులు అక్కడి మనుషుల్లాగే కనిపిస్తారనీ షాపుకొచ్చినవాళ్లకి కూడా చెప్తుంటాను. అది ఎవరి అద్దమో, అందులో ఎవరు ముందు నిలబడ్డారో, ఎవరు అంచున మసగ్గా ఉన్నారో ఎప్పుడూ అడగలేదు. అమ్మ ఒక్క సినిమా చూసింది, అదీ పొరపాటున. చూసి లేచి వెళ్లి చాప మీద కూర్చుంది. నాకు ఆవిడ మీద గర్వంగా ఉంది, పళ్లు కొరికేటంత కోపంగానూ ఉంది. ఎదుటి మనిషి నిరాహారంగా ఉంటే గర్వం ఏం చేసుకుంటాం?

సాయంత్రం వెనక వీధి అత్త వచ్చింది, పొలం నుంచి తిన్నగా, ఒళ్లంతా చెరుకు ఆకు గీతలతో. గుమ్మంలోనే కూలబడిపోయింది. "నా నోటి దూల అప్పా. నీ కూడు నేనే కొట్టేసేను" అని భోరుమంది. చోడవరంలో అక్కని అప్ప అంటారు. అత్త అమ్మని ఎప్పుడూ అలాగే పిలుస్తుంది.

"నువ్వు అబద్ధం సెప్పేవేటి? సూసిందే కదా సెప్పేవు" అంది అమ్మ. "లే, టీ తాగు."

"రేపు ఆ మాట అనీ అప్పా. మాకోసం నువ్వు మాడిపోకు. మాకు చాప అలవాటే."

అమ్మ టీ గ్లాసు అత్త చేతిలో పెట్టింది. ఆదివారం ఏం చేస్తుందో మా ఇద్దరికీ చెప్పలేదు. నాతో మాత్రం ఒకటి చెప్పింది. "రేపు నువ్వు నీ సోటే కూకో. నా గొడవలోకి రాకు. నువ్వు నోరిప్పితే నాకు దేవుడు వినబడడు."

ఆదివారం చర్చి నిండిపోయింది. క్రిస్మస్‌కి తప్ప రానివాళ్లు కూడా వచ్చారు. ఎవరికి రొట్టె పెడతారో కాదు, ఎవరికి పెట్టరో చూడ్డానికి. అమ్మ తెల్లచీర కట్టుకుని చాప మీద కూర్చుంది, పక్కన అత్త. నేను అమ్మ చెప్పిన మాట విని కుర్చీల్లో నా చోట కూర్చున్నాను. వెనక్కి తిరిగితే అమ్మ కనిపిస్తుంది, మధ్యలో నాలుగు వరసలు ఉన్నాయి. పాటలు పాడారు, వాక్యం చెప్పారు, నాకు ఒక్క ముక్క చెవికెక్కలేదు. రొట్టె మీద కప్పిన తెల్లగుడ్డ తీశారు. పాస్టరు అయ్యగారు కార్యదర్శి గారి వైపు చూశారు. ఆయన తల ఊపాడు.

"బల్లలో పాలు పొందే ముందు" అన్నారు అయ్యగారు, "ఎవరైనా సంఘం ఎదుట ఒప్పుకోవలసినది ఉంటే..."

అమ్మ అత్త భుజం పట్టుకుని లేచింది. లేవడానికి చాలాసేపు పట్టింది. అనెయ్ అమ్మా అని లోపల మొక్కుకుంటున్నాను. అనొద్దు అని కూడా మొక్కుకుంటున్నాను. దేవుడు ఏది వింటాడో ఆయనిష్టం.

"సినిమా నానే ఎట్టేను" అంది అమ్మ. అందరికీ వినబడింది. "దేవుడి సినిమా అనుకుని ఎట్టేను."

కార్యదర్శి గారు కొద్దిగా ముందుకి వంగాడు. మిగిలిన రెండు మాటల కోసం అందరూ చూస్తున్నారు.

"ఇప్పటికీ అలగే అనుకుంటన్నాను" అంది అమ్మ. మళ్లీ అత్త భుజం పట్టుకుని కూర్చుంది.

ఎవరో చిన్నపిల్ల దగ్గింది. పాస్టరు అయ్యగారు బల్ల వైపు తిరిగి, రొట్టె పళ్లెం మీద చేతులు పెట్టి, అలాగే నిలబడిపోయారు. ఆయన ఏమైనా అంటారని నేను ఆశపడ్డాను. నిజంగా ఆశపడ్డాను. ఆయన ప్రార్థన మొదలుపెట్టారు. ఎప్పుడూ చేసే ప్రార్థనే చేశారు.

పళ్లెం కదిలింది. ముందు కుర్చీల్లోకి వచ్చింది. నాకు అందింది, నేను ఒక ముక్క తీసుకున్నాను. అది నా పక్కనుంచి వెనక్కి వెళ్తుంటే దాంతోపాటు తిరిగి చూస్తూ ఉండిపోయాను. చాపల దగ్గరికి వెళ్లింది. పళ్లెం పట్టుకున్నతను మా వీధివాడే, అమ్మ అంగన్‌వాడీలో అక్షరాలు దిద్దినవాడు. అత్త ముందు వంచాడు, అత్త తీసుకుంది. అమ్మ అప్పటికే అరచెయ్యి తెరిచి ఉంచింది. అలవాటు. అతను ఆగాడు. కార్యదర్శి గారి వైపు చూశాడు. తర్వాత అమ్మ కళ్లలోకి చూడకుండా, పళ్లెం కాస్త పైకెత్తి అవతలి మనిషి దగ్గరికి తీసుకెళ్లిపోయాడు.

అమ్మ చెయ్యి మూయలేదు. మూయాలన్న సంగతి తోచలేదేమో. ఖాళీ చెయ్యి అలాగే ఒళ్లో పెట్టుకుని చూస్తోంది.

వెనక వీధి అత్త తన ముక్క వైపు చూసుకుంది. కత్తిపట్టి కాయలు కాసిన వేళ్లు ఆవిడవి, ఆ ముక్క ఆ వేళ్ల మధ్య కనబడటమే కష్టం. గోళ్లతో పట్టుకుని, కింద పడకుండా ఒళ్లో కొంగు పరుచుకుని, దాన్ని రెండుగా విరిచింది. పెద్దది అమ్మ అరచేతిలో పెట్టింది.

"తిను అప్పా" అంది. మెల్లగా అన్నాననుకుంది గాని చర్చంతా వినబడింది.

అమ్మ కళ్లు మూసుకుని తింది. నా ముక్క ఇంకా నా చేతిలోనే ఉంది. ఇద్దామన్నా, నేను కూర్చున్న చోటు నుంచి మా అమ్మ అందదు.